వేషం, భాష, ఊరు: హైదరాబాద్ మూకీ చిత్రాల కాలంలో ధీరేంద్రనాథ్ గంగూలీ – ఒక పరిశీలన

ప్రస్తావన

తెలుగు సినిమా చరిత్ర రచనలో మూకీల కాలానికి ఒక స్థిరమైన వరస ఏర్పడింది. మద్రాసులో రఘుపతి వెంకయ్య చిత్ర ప్రదర్శనలు, ఆయన కుమారుడు రఘుపతి ప్రకాశ్ 1921లో రూపొందించిన 'భీష్మ ప్రతిజ్ఞ', కాకినాడలో చిత్తజల్లు పుల్లయ్య తొలి ప్రయత్నాలు, ఆపైన 1932లో విడుదలైన టాకీ 'భక్త ప్రహ్లాద' ఆ వరసలోని మజిలీలు. ఈ మజిలీల్లో హైదరాబాద్ కనిపించదు. హైదరాబాద్ ప్రస్తావన వచ్చేసరికి మన గ్రంథాలు దాదాపు మూడు దశాబ్దాలు దాటి అమీర్‌పేటలోని సారథి స్టూడియో దగ్గర, 1959 నాటి 'మా ఇంటి మహాలక్ష్మి' దగ్గర మొదలవుతాయి.

అయితే 1922లోనే హైదరాబాద్‌లో లోటస్ ఫిలిం కంపెనీ అనే మూకీ చిత్రాల సంస్థ వెలిసింది. నిజాం ప్రాపకంతో నడిచిన ఆ సంస్థ రెండేళ్ళ వ్యవధిలో పలు చిత్రాలను నిర్మించింది. దాని స్థాపకుడు డి.జి.గా ప్రసిద్ధుడైన ధీరేంద్రనాథ్ గంగూలీ. ఆయన నటుడు, దర్శకుడు, చిత్రకారుడు, అన్నిటికన్నా ముందు వేషధారి. భారతీయ సినిమా చరిత్రలో ఆయన స్థానానికి లోటు లేదు. 1975 సంవత్సరానికి దాదాసాహెబ్ ఫాల్కే పురస్కారం ఆయనకు లభించింది. లోటు ఉన్నది మన చరిత్రలోనే. బెంగాలీ సినిమా చరిత్రకు ఆయన హైదరాబాద్ సంవత్సరాలు మధ్యలో వచ్చిన ఒక విరామం. తెలుగు సినిమా చరిత్రకు అవి పరాయివి. ఇలా ఇరువైపులా ఆ రెండేళ్ళు ఎవరివీ కాకుండా పోయాయి.

ఈ విస్మృతికి కారణమైన కొలమానాన్ని పరిశీలించడం ఈ వ్యాసం ఉద్దేశం. మాటలేని చిత్రాన్ని 'తెలుగు చిత్రం' అని మనం ఏ ఆధారంతో అంటున్నాం? ఆ ఆధారం అన్నిచోట్లా ఒకే తీరుగా ఉందా? ఈ ప్రశ్నలకు సమాధానం వెతుకుతూ, డి.జి. కళను తెలుగు జానపద కళా సంప్రదాయంలోని ఒక భావన వెలుగులో చదివే ప్రయత్నం కూడా ఇందులో ఉంది.

వేషధారి నుంచి దర్శకుడు

ధీరేంద్రనాథ్ గంగూలీ 1893లో కలకత్తాలో జన్మించారు. శాంతినికేతన్‌లో చదువుకున్నారు. సినిమాలోకి రాకముందే హైదరాబాద్‌లో నిజాం ఆర్ట్ కాలేజీలో ప్రధానోపాధ్యాయుడిగా పనిచేశారు. కనుక 1922లో ఆయన ఈ నగరానికి రావడం కొత్త ప్రవేశం కాదు, తెలిసిన చోటికి పునరాగమనం.

ఆయనను సినిమా వైపు నడిపించినది ఒక ఛాయాచిత్రాల పుస్తకం. 'భావేర్ అభివ్యక్తి' అనే ఆ పుస్తకంలో ఆయన స్వయంగా అనేక వేషాలు ధరించి, స్త్రీ పురుష పాత్రలెన్నింటినో ముఖకవళికలతోనూ అలంకరణతోనూ చూపారు. ఆ వేషధారణ నైపుణ్యాన్ని గమనించిన నేర పరిశోధన విభాగం పోలీసులకు మారువేషాలు నేర్పే పని ఆయనకు అప్పగించింది. ఈ పుస్తకమే ఆయనను జె.ఎఫ్. మదన్ దృష్టికి తెచ్చింది. తరువాత నీతీశ్ లాహిరితో కలిసి ఇండో బ్రిటిష్ ఫిలిం కంపెనీని నెలకొల్పారు. లాహిరి దర్శకత్వంలో, డి.జి. ప్రధాన పాత్రధారిగా వచ్చిన 'బిలాత్ ఫెరత్' 1921లో విడుదలైంది. విదేశం వెళ్ళి వచ్చి స్వదేశంలో ఇమడలేని యువకుడిని హాస్యంగా చూపిన చిత్రం అది.

రంగస్థల వినోదం నుంచి, వేషాల నుంచి, ఇంద్రజాలం నుంచి సినిమాకు రావడం ఆనాడు లోకమంతటా ఉన్నదే. ఫ్రాన్సులో మెలియెస్ ఇంద్రజాలికుడు. చాప్లిన్ ఇంగ్లండ్‌లోని వినోదశాలల్లో పెరిగిన నటుడు. డెన్మార్క్‌లో 1906లో నార్డిస్క్ సంస్థను స్థాపించిన ఓలె ఓల్సెన్ సంతలలో వినోద ప్రదర్శనలు నడిపినవాడు. తొలి సినిమాకు సాహిత్యం కన్నా సంతతోనే దగ్గరి చుట్టరికం. మన చరిత్రకారులు తొలి తెలుగు సినిమాకు మూలాలను పద్యనాటకంలో వెతికారు. టాకీల విషయంలో అది సమంజసమే. మూకీల విషయంలో మాత్రం పద్యం తీసివేసిన తరువాత నాటకంలో ఏం మిగులుతుందన్న ప్రశ్న వేసుకోవలసి ఉంటుంది. మిగిలేది వేషం.

పగటివేషం అనే కొలమానం

వేషాన్నే కళగా చేసుకున్న సంప్రదాయం తెలుగునాట ప్రాచీనమైనది. పాల్కురికి సోమనాథుని పండితారాధ్య చరిత్రలో బహురూపాల ప్రస్తావన ఉంది. తరువాతి కాలంలో అది పగటివేషాలుగా స్థిరపడింది. స్వయంగా నాటక, సినిమా నటుడైన మిక్కిలినేని రాధాకృష్ణమూర్తి తమ 'తెలుగువారి జానపద కళారూపాలు' గ్రంథంలో పగటివేషాలకు చోటిచ్చారు. ఆ చోటు తగినదే. పగటివేషానికి తెర లేదు, రంగస్థలం లేదు, రాత్రి దీపాల మాయ లేదు. పట్టపగలు, పదిమంది తిరిగే వీధిలో, ఎదుటివారిని నమ్మించాలి. ఒక బృందం ఒక ఊళ్ళో కొన్నాళ్ళు మకాం వేసి రోజుకొక వేషం కడుతుంది. చివరిరోజున తామెవరో చెప్పుకొని సంభావన పుచ్చుకుంటుంది. అర్ధనారీశ్వర వేషంలోనైతే ఒకే దేహం ఒక పక్క శివుడు, మరొక పక్క పార్వతి.

రాజులు పగటివేషగాళ్ళను గూఢచారులుగా వినియోగించేవారన్న ప్రతీతి కూడా ఉంది. డి.జి. పోలీసులకు మారువేషాలు నేర్పిన విషయాన్ని దీని పక్కన పెట్టి చూస్తే ఒక సామ్యం స్పష్టమవుతుంది. రెండు చోట్లా వేషం వినోదంతో ఆగలేదు. అది ఎదుటి మనిషి కులాన్ని, వృత్తిని, నడకను, చూపును నిశితంగా చదివే విద్య. అధికారానికి ఆ విద్య అవసరమైంది.

ఇక్కడ ఒక జాగ్రత్త చెప్పుకోవాలి. డి.జి.పై తెలుగు పగటివేషాల ప్రభావం ఉందని ఈ వ్యాసం ప్రతిపాదించడం లేదు. వంగదేశంలోనూ బహురూపుల సంప్రదాయం ఉంది. ఆయనకు ఆదర్శాలు అక్కడే దొరికి ఉండవచ్చు. ఇక్కడ పగటివేషాన్ని తీసుకున్నది ప్రభావంగా కాదు, విమర్శ పరికరంగా. ఆ పరికరంతో చూసినప్పుడు మూకీ చిత్రం గురించి ఒక విషయం తేటపడుతుంది. పగటివేషంలో సగం బలం మాటది. కోమటి వేషమైనా, ఫకీరు వేషమైనా ఆ యా వర్గాల పలుకుబడితోనే రక్తి కడుతుంది. మూకీ ఆ సగాన్ని తీసివేసింది. మిగిలిన సగంతోనే, అంటే ముఖంతో, దుస్తులతో, నడకతోనే మనిషిని గుర్తుపట్టించాలి. ఉర్దూ, తెలుగు, మరాఠీ, కన్నడం మాట్లాడేవారు కలిసి ఉన్న హైదరాబాద్‌లో ఒక బెంగాలీ కళాకారుడు అందరికీ అందగలిగిన మార్గం అదొక్కటే. వేషమే అక్కడ ఉమ్మడి భాష అయింది.

మాట కరవైన నగరం

ఈ ఉమ్మడి భాష ఏ సందర్భంలో నగరానికి వచ్చిందో గమనించడం అవసరం. 1921 నవంబరు 12న హైదరాబాద్ వివేకవర్ధినిలో మహర్షి కర్వే అధ్యక్షతన సంఘ సంస్కార సభ జరిగింది. అందులో ఆలంపల్లి వెంకటరామారావు తెలుగులో ప్రసంగించబోగా సభికులు గేలిచేసి అడ్డుకున్నారు. ఆ అవమానం నుంచే ఆంధ్ర జన సంఘం పుట్టింది. తెలంగాణ సాంస్కృతిక చరిత్రలో అదొక మలుపు. ఆ మరుసటి ఏడాదే అదే నగరంలో లోటస్ కంపెనీ తన మూకీ చిత్రాలు మొదలుపెట్టింది.

ఈ రెండు ఘటనల మధ్య కార్యకారణ సంబంధం లేదు. కానీ రెండూ ఒకే నగర స్వభావాన్ని చెబుతాయి. వేదిక మీద తెలుగు మాట చెల్లని నగరంలో మాట అక్కరలేని కళకు రాజాదరణ దొరికింది. తెలుగువాడికి ఆ చిత్రశాలలో కూర్చోవడానికి అడ్డంకి లేదు, సభలో లేచి నిలబడి మాట్లాడటానికే అడ్డంకి. మూకీని కేవలం సాంకేతిక పరిమితిగా చూడడానికి అలవాటుపడ్డ మనకు ఈ కోణం కొత్తది. మూకీలో నిశ్శబ్దం తెర మీద ఉంది. హైదరాబాద్ తెలుగువాడి విషయంలో నిశ్శబ్దం తెర బయట, సభలో, కచేరీలో, బడిలో ఉంది.

మూకీ పూర్తిగా భాష లేనిదని కూడా అనలేం. దృశ్యాల మధ్య రాతపలకలు వచ్చేవి. భారతీయ మూకీల్లో అవి తరచు ఒకటికి మించిన భాషల్లో ఉండేవి. చదువురాని ప్రేక్షకుల కోసం వాటిని బిగ్గరగా చదివి కథ చెప్పేవారు ఉండేవారు. అంటే మూకీ చిత్రానికి భాష ఉన్నది ఫిలిం చుట్టలో కన్నా ప్రదర్శనశాలలో. ఒకే చిత్రం ఒక ఊళ్ళో తెలుగు, మరొక ఊళ్ళో ఉర్దూ కాగలదు. కనుక మూకీల కాలపు తెలుగును వెతకవలసిన చోటు తెర కాదు, తెర ముందున్న జనం.

లోటస్ చిత్రాలు: పురాణం, ప్రహసనం

లోటస్ సంస్థ చిత్రాలుగా నమోదైన పేర్లలో 'ఇంద్రజిత్', 'యయాతి', 'హరగౌరి', 'చింతామణి', 'విమాత', 'సాధు ఔర్ షైతాన్', 'లేడీ టీచర్', 'మ్యారేజ్ టానిక్' ఉన్నాయి. ఆ చిత్రాలు నేడు చూడడానికి లేవు. అయితే ఆ పేర్లే రెండు పాయలను సూచిస్తున్నాయి. మొదటిది పురాణం. రెండవది సాంఘిక హాస్యం.

మొదటి పాయ ఆనాటి దేశమంతటి సినిమా పాయే. 'భీష్మ ప్రతిజ్ఞ' కూడా దానిలోనిదే. భాష లేని చిత్రానికి పురాణం భాషలా పనిచేసింది. కథ అందరికీ ముందే తెలుసు గనుక మాట లోటు కనిపించదు. 'చింతామణి' పేరు బిల్వమంగళుని కథను స్ఫురింపజేస్తుంది. 1920ల తొలినాళ్ళ తెలుగు రంగస్థలాన్ని ఊపేసిన కాళ్ళకూరి నారాయణరావు నాటకానికి అదే ఇతివృత్తం. నెల్లూరుకు చెందిన వై.వి. రావు 1937లో తమిళంలో తీసిన 'చింతామణి'కీ అదే ఆధారం. భాషల సరిహద్దులు దాటి ఒక కథ రంగస్థలం నుంచి తెరకు, తెర నుంచి మరొక తెరకు తిరిగిన దారి ఇది. ఆ దారిలో హైదరాబాద్ కూడా ఉందని లోటస్ జాబితా గుర్తుచేస్తోంది.

రెండవ పాయ మరింత ఆసక్తికరం. చదువుకున్న స్త్రీ, పెళ్ళి, విదేశీ మోజు అనే హాస్య వస్తువులు తెలుగు ప్రహసనానికి కొత్తవి కావు. వీరేశలింగం, చిలకమర్తి వాటిని సాహిత్యంలో స్థిరపరిచారు. 'బిలాత్ ఫెరత్' వచ్చిన మూడేళ్ళకు, 1924లో, మొక్కపాటి నరసింహశాస్త్రి 'బారిస్టర్ పార్వతీశం' మొదటి భాగం వెలువడింది. రెండూ ఇంగ్లండ్ ప్రయాణాన్ని హాస్యానికి వస్తువు చేసుకున్నాయి. భేదం దిశలో ఉంది. డి.జి. హాస్యం తిరిగి వచ్చినవాడి మీద, తన ఊళ్ళో తానే పరాయివాడైన వేషం మీద. మొక్కపాటి హాస్యం వెళ్ళేవాడి మీద, పరాయి వేషం ఒంటికి పట్టని అమాయకత్వం మీద. మొదటిది వేషం అతిశయించినప్పటి నవ్వు. రెండవది వేషం కుదరనప్పటి నవ్వు. మొక్కపాటి నవలను 1940లో తెరకెక్కించినది రఘుపతి ప్రకాశ్. ఆయన స్వయంగా ఇంగ్లండ్ వెళ్ళి సినిమా నేర్చుకొని వచ్చినవారు. తెలుగు మూకీకి ఆద్యుడని మనం చెప్పుకొనే దర్శకుడూ, మన చరిత్రలో చోటు దొరకని దర్శకుడూ ఈ వస్తువు దగ్గర ఇలా కలుసుకున్నారు.

'రజియా బేగం' – ప్రాపకం, ప్రజ

లోటస్ ముగింపు నాటకీయమైనది. నిజాం సహాయంతో డి.జి. చిత్రాలు తీయడమే కాక ప్రదర్శనశాలలు కూడా నడిపారు. 1924లో ఆయన 'రజియా బేగం' చిత్రాన్ని ప్రదర్శించారు. అది ఆయన తీసినది కాదు, బొంబాయిలో తయారైనది. ముస్లిం రాణికీ హిందువుకూ మధ్య ప్రేమను చూపిన ఆ కథ నిజాం ఆగ్రహానికి గురైంది. రాజ్యం విడిచి వెళ్ళమని ఆజ్ఞ వచ్చింది. డి.జి. కలకత్తాకు తిరిగి వెళ్ళిపోయారు. అక్కడ 1929లో బ్రిటిష్ డొమినియన్ ఫిల్మ్స్ స్థాపించి మరొక అధ్యాయం ఆరంభించారు. హైదరాబాద్‌లో లోటస్ కథ మాత్రం అంతటితో సమాప్తం.

ఈ ఘటనను మతం కోణంలోనే చదివి ఊరుకోవడం సులభం. కళాసంస్థ ఆర్థికం కోణంలో చదివితే మరొక సత్యం తెలుస్తుంది. లోటస్ ఒకే ఒక ప్రాపకం మీద నిలబడింది. ప్రభువు ముఖం తిప్పుకున్న రోజున దానికి వేరే నేల లేకపోయింది. అదే కాలంలో పుల్లయ్య వంటివారు ఊరూరా చిత్రాలు ప్రదర్శిస్తూ టిక్కెట్టు కొన్న ప్రేక్షకుడి మీద ఆధారపడ్డారు. వారి వనరులు తక్కువే, కానీ వారిని వెళ్ళగొట్టగల ఒక్క చేయి లేదు. పుల్లయ్య తరువాత 1933లో 'సతీ సావిత్రి'ని, 1934లో 'లవకుశ'ను కలకత్తాలోనే తీశారు. కలకత్తా నుంచి హైదరాబాద్‌కు వచ్చిన కళాకారుడు వెనుదిరిగిన పదేళ్ళలోపే తెలుగు దర్శకుడు సినిమా కోసం కలకత్తా వెళ్ళవలసి వచ్చింది. హైదరాబాద్‌లో ఒక స్టూడియో నిలదొక్కుకొని ఉంటే ఆ ప్రయాణం ఎటు సాగేదో ఊహించడం విమర్శకు తగని పని. నష్టం ఎంతటిదో తెలుసుకోవడానికి మాత్రం ఈ రెండు ప్రయాణాలను పక్కపక్కన పెట్టడం చాలు.

మారుతున్న కొలమానాలు

ఇప్పుడు మొదటి ప్రశ్నకు రావచ్చు. 'భీష్మ ప్రతిజ్ఞ' తయారైనది మద్రాసులో. అది మూకీ. దానిని తెలుగు సినిమా చరిత్రలో చేర్చడానికి ఆధారం నిర్మాతలు తెలుగువారు కావడం. 'భక్త ప్రహ్లాద' తయారైనది బొంబాయిలో, 'సతీ సావిత్రి' కలకత్తాలో. వాటిని చేర్చడానికి ఆధారం సంభాషణల భాష. రాజమండ్రిలో 1936లో వెలసిన దుర్గా సినీటోన్‌ను తెలుగు గడ్డ మీద తొలి స్టూడియోగా గర్వంగా చెప్పుకుంటాం. అక్కడ ఆధారం ఊరు. అంటే ఒకే చరిత్రలో మూడు కొలమానాలు వాడుతున్నాం: మనిషి, భాష, ఊరు. మూడింటికీ వాటి వాటి న్యాయం ఉంది. కానీ ఊరు అన్న కొలమానాన్ని రాజమండ్రికి వర్తింపజేసి, పద్నాలుగేళ్ళ ముందున్న హైదరాబాద్‌కు వర్తింపజేయకపోవడంలో న్యాయం లేదు.

దీనికి విరుగుడుగా లోటస్‌ను 'తొలి తెలంగాణ సినిమా'గా ప్రకటించాలన్న ఉత్సాహం కలగవచ్చు. అదీ సరికాదు. డి.జి. తెలంగాణ ప్రజల ప్రతినిధిగా ఇక్కడ చిత్రాలు తీయలేదు. ఒక 'తొలి'ని తీసి మరొక 'తొలి'ని పెట్టడం చరిత్రను సరిదిద్దడం కాదు, పీఠం మీద బొమ్మను మార్చడం. మనకు కావలసినది రెండు వేర్వేరు అధ్యయన క్షేత్రాలను గుర్తించడం. తెలుగు భాషలోని సినిమా ఒకటి. తెలుగువారు బతికిన ఊళ్ళలో సినిమా మరొకటి. మొదటిదానికి 'భక్త ప్రహ్లాద' ఆరంభం. రెండవదానిలో లోటస్ ఒక ముఖ్యమైన అధ్యాయం.

తేదీలను సరిచూసే పరిశోధన ఎంత మార్పు తేగలదో మనకు అనుభవంలో ఉంది. 'భక్త ప్రహ్లాద' విడుదల 1931 సెప్టెంబరు 15 అని చాలాకాలం రాశాం. రెంటాల జయదేవ ఆధారాలతో చర్చించిన తరువాత 1932 ఫిబ్రవరి 6 స్థిరపడింది. తేదీకి చేసిన ఆ శ్రమను ఇప్పుడు ఊరికీ చేయవలసి ఉంది.

తూర్పు హైదరాబాద్ నుంచి చూస్తే

ఈ రెండవ క్షేత్రం అవసరం ఎంతటిదో దిల్‌సుఖ్‌నగర్, ఎల్.బి. నగర్ ప్రాంతాల నుంచి చూస్తే బాగా తెలుస్తుంది. విజయవాడ రహదారి నగరంలోకి ప్రవేశించే ద్వారం ఇది. నల్లగొండ, ఖమ్మం, కోస్తా జిల్లాల నుంచి చదువుకోసం, బతుకుతెరువు కోసం వచ్చిన వారితో నిండిన కాలనీలు ఇవి. కోణార్క్, వెంకటాద్రి వంటి థియేటర్ల పేర్లే దిల్‌సుఖ్‌నగర్‌కు ఆనవాళ్ళయ్యాయి. ఇదే రహదారి మీద ముందుకు వెళితే 1996లో ఏర్పడిన రామోజీ ఫిలిం సిటీ వస్తుంది. ఇక్కడి సామాన్య ప్రేక్షకుడి ఊహలో సినిమా హైదరాబాద్‌కు వలస వచ్చినది, మద్రాసు నుంచి బయలుదేరి తనలాగే ఈ దారిన వచ్చి ఇక్కడ స్థిరపడినది.

ఆ ఊహలో కొంత నిజం ఉంది. కానీ అది పూర్తి నిజంగా చలామణి అయినప్పుడు, సినిమా రాకముందు ఈ నగరం ఖాళీగా ఉండేదన్న అర్థం దానిలో చేరుతుంది. సరూర్‌నగర్‌లోని విక్టోరియా మెమోరియల్ భవనం వంటి పాత కట్టడాల పక్క నుంచి రోజూ మెట్రోలో వెళుతూ కూడా ఈ తూర్పు శివారుకు గతం లేదనుకోవడం ఎలాంటిదో, 1922ను దాటవేసి హైదరాబాద్ సినిమా చరిత్ర చెప్పుకోవడమూ అలాంటిదే.

వేషం సంగతి కూడా ఇక్కడ ముగిసిపోలేదు. సంక్రాంతి రోజుల్లో కొత్తపేట, చైతన్యపురి వీధుల్లో హరిదాసులు, గంగిరెద్దులవారు కనిపిస్తారు. ముఖానికి రంగు పూసుకొని దేవుడి వేషంతో దుకాణం దుకాణం తిరిగేవారూ కనిపిస్తారు. వారిని మన విభాగాలు జానపదం అనే గదిలో, సినిమాను జనరంజక సంస్కృతి అనే గదిలో వేర్వేరుగా పెట్టి చదువుతున్నాయి. డి.జి. వంటి వేషధారి ఈ రెండు గదుల మధ్య తలుపు దగ్గర నిలబడి ఉన్నాడు. ఆ తలుపు తెరవనంతకాలం ఆయన ఏ గదిలోనూ కనిపించడు.

ముగింపు

ఈ పరిశీలన నుంచి మూడు అంశాలు తేలుతున్నాయి. ఒకటి, మూకీ చిత్రానికి భాషను నిర్ణయించేది ప్రదర్శనశాలే గనుక, తెలుగు మూకీల చరిత్ర నిర్మాతల చరిత్రగా మిగలక ప్రేక్షకుల చరిత్రగా విస్తరించాలి. రెండు, తొలి సినిమా నటనను విశ్లేషించడానికి పద్యనాటకం ఒక్కటే చాలదు, పగటివేషాన్ని కూడా విమర్శ పరికరంగా స్వీకరించాలి. మూడు, మనిషి, భాష, ఊరు అనే మూడు కొలమానాలలో ఏది ఎక్కడ వాడుతున్నామో చరిత్రకారుడు ముందే చెప్పాలి.

వీటికి ఆచరణలో ఒక షరతు ఉంది. నిజాం రాజ్యపు పాలన సాగినది ఉర్దూలో. చిత్రశాలల అనుమతులు, ఫర్మానాలు, పత్రికల ప్రకటనలు వెతకవలసినది ఆ భాషలోనే. తార్నాకలోని రాష్ట్ర అభిలేఖాగారం మనకు దూరం కాదు. ఎల్.బి. నగర్ నుంచి బస్సులో వెళ్ళి రాగలిగిన దూరమే. దూరంగా ఉన్నది ఆ లిపి. తెలుగు పరిశోధకుడికి సంస్కృతం అవసరమని మన విభాగాలు ఏనాడో గుర్తించాయి. హైదరాబాద్ మీద పనిచేసే తెలుగు పరిశోధకుడికి ఉర్దూ అంతే అవసరం. 1921లో ఈ నగరంలో తెలుగు వినడానికి నిరాకరించినవారిని మనం తప్పుపట్టాం, అది న్యాయమే. నూరేళ్ళ తరువాత ఆ నగరం రాసిపెట్టుకున్న భాషను చదవడానికి మనం నిరాకరిస్తే, నష్టపోయేది మన చరిత్రే.